పాలు పడ్డాయా?

2023 నవంబర్‌లో మా బాబు పుట్టాక మొదటి నెల మొత్తం నన్ను అందరూ అడిగింది ఈ ఒక్క ముక్కే. కుట్లు ఎలా ఉన్నాయి, నిద్ర పడుతోందా, ఏమన్నా తింటున్నావా, ఇవి అడిగినవాళ్ళు ఇద్దరో ముగ్గురో. ఒంగోలు నుంచి అత్తమ్మ పొద్దున్నే ఫోన్ చేసి "అమ్మాయ్, పాలు పడ్డాయా", మా పెద్దమ్మ పడ్డాయా, పక్క ఫ్లాట్ ఆంటీ లిఫ్ట్ దగ్గర మా ఆయన్ని ఆపి మరీ పడ్డాయా. మాకు నందిని పాల ప్యాకెట్లు వేసే అబ్బాయి వాళ్ళమ్మది చిత్తూరు వైపు, ఆవిడ కూడా గుమ్మంలో నిలబడి "పాలు పడ్డాయా మా" అంటే నేను ఒక్క సెకను ప్యాకెట్ల గురించి అనుకుని "ఆ, రెండు పడ్డాయండీ" అన్నాను. ఇప్పుడు చెప్తుంటే నవ్వొస్తోంది గానీ ఆరోజు తలుపేసుకుని గంటసేపు ఏడ్చాను.

వాడికి ఇప్పుడు 14 నెలలు. అప్పుడే రాసుకుందామనుకున్నా కానీ ఫోన్ పట్టుకుంటే ఒక్క వాక్యం వచ్చేది కాదు. ఇప్పుడు వస్తోంది కాబట్టి రాస్తున్నా, కొంచెం పొడుగవుద్ది.

మేముండేది బెంగళూరులో కుందలహళ్ళి దగ్గర. మా అమ్మవాళ్ళది మదనపల్లె. కాన్పుకి నన్నే అక్కడికి రమ్మంది అమ్మ, మా డాక్టర్ ఇక్కడే ఉందని నేనే ఆవిణ్ణి ఇక్కడికి రప్పించుకున్నాను. నొప్పులు మొదలయ్యి 14 గంటలు ఆగి ఆగి చివరికి ఆపరేషన్ చేశారు. బాబు 2.9 కేజీలు. నాలుగోరోజు డిశ్చార్జ్ ముందు తూకం వేస్తే 2.62 చూపించింది. పుట్టిన పిల్లలు మొదటి వారం కొంచెం తగ్గడం మామూలే, మళ్ళీ రెండు వారాల్లోపు పుట్టినప్పటి బరువుకొచ్చేస్తారు, ఆపరేషన్ అయినవాళ్ళకి పాలు ఒకట్రెండు రోజులు లేటుగా పడొచ్చు, ఇవన్నీ నాకు ఇప్పుడు తెలుసు. అప్పుడు డ్యూటీ డాక్టర్ కాలిక్యులేటర్ తీసి నొక్కి "పది శాతం దగ్గరకొచ్చింది, టాప్ అప్ స్టార్ట్ చేద్దాం" అనేసి వెళ్ళిపోయాడు. నా చెవిలో పడింది ఒకటే, నా దగ్గరున్న నాలుగు రోజుల్లో నా బిడ్డ 280 గ్రాములు తగ్గిపోయాడు.

నర్సు ఒక చిన్న స్టీలు గిన్నె తెచ్చింది, ఒకవైపు ముక్కులా సాగి ఉంటుంది కదా, అది. ఆ కన్నడ అమ్మాయి దాన్ని ఒళలె అంది. నైట్ డ్యూటీ తమిళ నర్సు పాలాడై అంది. మా అమ్మ చూడగానే మొహం వెలిగిపోయి "ఉగ్గుగిన్నె!" అంది, ఊళ్ళో వాళ్ళెవరో కనపడ్డట్టు. డబ్బా పాలు 20 ఎంఎల్ కలిపి ఆ ముక్కు వాడి పెదవి మూల ఆనించి మెల్లగా వంచితే వాడు నాలుకతో చప్పరించుకుంటూ మొత్తం తాగేసి వెంటనే నిద్రపోయాడు. పుట్టాక వాడు మొదటిసారి కడుపు నిండి పడుకోవడం అదే. అమ్మ "హమ్మయ్య" అంది. నేను మాత్రం గోడవైపు తిరిగి పడుకున్నాను.

ఇంటికొచ్చాక పథ్యం మొదలైంది. వెల్లుల్లి కారం, మెంతులు, మునగాకు, పొద్దున పరగడుపున కాయం ముద్ద, చెవుల్లో దూది, స్నానం తర్వాత సాంబ్రాణి పొగ. అత్తమ్మ ఎవరితోనో సొరచేపతో చేసే సొరపిట్టు కూడా వండించి బస్సులో పంపించింది పాపం, ఒంగోలు నుంచి వచ్చేసరికి అది ఎలా ఉంటుందో మీరే ఊహించుకోండి, అయినా తిన్నాను. వీటిల్లో నాకు ఒక్కదాంతోనే గొడవ, నీళ్ళు. "పచ్చి బాలింతవి, నీళ్ళు ఎక్కువ తాగాకు పాపా, పొట్ట వస్తాది" అని అమ్మ చెంబు దాచిపెట్టేది. పాలేమో పడాలి, నీళ్ళేమో తాగకూడదు, ఇదేం లెక్కో. రాత్రి అమ్మ పడుకున్నాక దొంగతనంగా బాత్రూంలోకి బాటిల్ తీసుకెళ్ళి గటగటా తాగేదాన్ని, ముప్పై ఏళ్ళొచ్చి.

మా ఆయన ఎక్సెల్ షీట్ చేశాడు. తిట్టట్లేదు, ఆయన కంగారు ఆయనది, కంగారొస్తే షీట్ చేసే మనిషి. టైమ్, కుడి ఎన్ని నిమిషాలు, ఎడమ ఎన్ని నిమిషాలు, పంప్ ఎన్ని ఎంఎల్, డబ్బా ఎన్ని ఎంఎల్, ఉచ్చ, దొడ్డి. రోజుకి ఆరుసార్లు కంటే ఎక్కువ ఉచ్చ పోస్తే పాలు సరిపోతున్నట్టు, రోజుకి 20 నుంచి 30 గ్రాములు పెరిగితే బాగా పెరుగుతున్నట్టు, ఇవన్నీ పైన కామెంట్‌లో రాసిపెట్టాడు. నేను ఉద్యోగంలో సాఫ్ట్‌వేర్ టెస్టర్‌ని. పాస్, ఫెయిల్ అని మార్క్ చెయ్యడమే నా పని. కాబట్టి ఏ కాలమ్ చూడాలో నాకెవరూ చెప్పక్కర్లా. పంప్ కాలమ్‌లో 15, 20, 15, 30. డబ్బా కాలమ్‌లో 40, 60, 60, 90. రెండు వారాలకి వాడి బరువు 3 కేజీలు దాటింది, వాడు పాస్, షీట్ చూస్తే మాత్రం నేను ఫెయిల్.

డబ్బా మీద ఉంటుంది చూడండి, తల్లిపాలే మీ బిడ్డకు శ్రేష్ఠం అని ఇంగ్లీషులో పెద్ద అక్షరాల్లో. 1992లో వచ్చిన చట్టం ప్రకారం అలా వెయ్యాల్సిందే, డబ్బా పాలకీ ఫీడింగ్ బాటిళ్ళకీ యాడ్‌లు కూడా వెయ్యకూడదు. మంచి చట్టమే, లేకపోతే ఈ కంపెనీలు హాస్పిటళ్ళలో దూరి ఏం చేసేవో. కానీ రాత్రి రెండింటికి ఒక చేత్తో ఏడ్చే పిల్లాణ్ణి పట్టుకుని ఇంకో చేత్తో స్పూన్ గీటుగా గీసి కలుపుతున్నప్పుడు ఆ లైను దేశం మొత్తానికి రాసినట్టు ఉండదు. నీకే రాసినట్టు ఉంటుంది.

బారసాల రోజు ఎవరెవరు ఏమన్నారో రాయను. ఒకావిడ మాత్రం "మా రోజుల్లో ఇవన్నీ ఏవీ, బిడ్డని చూస్తేనే చేపు వచ్చేది, ఇప్పటివాళ్ళకి ల్యాప్‌టాప్ చూస్తే వస్తాదేమో" అంది, అందరూ నవ్వారు, నేనూ నవ్వాను.

జనవరి నెల నాకు సరిగ్గా గుర్తులేదు. గుర్తున్నది ఒక్క రాత్రి. అప్పటికి రెండు గంటలకోసారి పంప్ చేస్తున్నా, ఆ మెషిన్ చప్పుడు వింటూ ఉంటే అది మాటల్లా వినపడటం మొదలవుద్ది, నాకైతే "చాల్లేదు చాల్లేదు" అన్నట్టు ఉండేది. ఆ రాత్రి మూడింటికి మొదటిసారి రెండు వైపులా కలిపి 70 ఎంఎల్ వచ్చింది. డెబ్భై! బాటిల్‌ని లైట్ కింద పెట్టి గీత చూసుకున్నా. మూత కోసం తిరిగాను, నైటీ చెయ్యి తగిలింది, బాటిల్ గట్టు మీద పడిపోయి మొత్తం పాలు పొయ్యి కిందకి పాకాయి. నేను గబుక్కున అరచేతులు అడ్డం పెట్టాను, ఆపడానికి. వేళ్ళ మధ్యలోంచి కారిపోయాయి. వెచ్చగా ఉన్నాయి ఇంకా. గుడ్డ తీసి తుడవాలనిపించలా, తుడిస్తే నిజంగా పోయినట్టు అవుద్దని. మా ఆయన లేచి వచ్చేసరికి నేను గట్టుకి తల ఆనించి నిలబడి ఉన్నానంట, ఎంతసేపు అలా ఉన్నానో నాకూ తెలీదు.

ఆ తర్వాత ఏడుపు కూడా ఆగిపోయింది, అదే అసలు భయపడాల్సిందని తర్వాత తెలిసింది. పిల్లాడు ఏడిస్తే లేచేదాన్ని, పట్టేదాన్ని, మార్చేదాన్ని, షీట్‌లో రాసేదాన్ని. వాడు అప్పుడప్పుడే ఉంగా ఉంగా అంటూ నా మొహంలోకి చూసేవాడు, నాకు తిరిగి ఏమనాలో తెలిసేది కాదు. వీడికి ఇంకెవరైనా అమ్మ అయ్యుంటే బాగుండేది అనుకునేదాన్ని, బాధగా కూడా కాదు, కూరలో ఉప్పు ఎక్కువైంది అన్నట్టు మామూలుగా. మెట్రో సౌండ్ వినపడితే ఎక్కి చివరి స్టేషన్ దాకా వెళ్ళిపోయి దిగకుండా కూర్చుంటే ఎలా ఉంటుందా అని ఆలోచించేదాన్ని.

జనవరి ఆఖర్లో పది వారాల టీకాకి వెళ్ళాం. పిల్లల డాక్టరమ్మ పెద్దావిడ, ఎక్కువ మాట్లాడదు. బాబుని చూసింది, తూకం చూసింది, "ఫస్ట్‌క్లాస్‌గా ఉన్నాడు" అంది. మా ఆయన గర్వంగా ఫోన్‌లో షీట్ చూపించబోయాడు. ఆవిడ ఫోన్ వైపు చూడకుండా నా వైపు చూసి "మీరెలా ఉన్నారు" అంది. బావున్నానండీ అన్నాను. ఆవిడ టేబుల్ సొరుగులోంచి ఒక కాగితం తీసి, వాళ్ళిద్దర్నీ బయట కూర్చోమని, నా చేతికి పెన్ను ఇచ్చింది.

దాన్ని ఎడిన్‌బరో స్కేల్ అంటారు. 1987లో స్కాట్లాండ్‌లో తయారుచేశారంట, కాన్పు తర్వాత తల్లికి డిప్రెషన్ ఏమన్నా ఉందా అని అనుమానం పట్టుకోవడానికి. పది ప్రశ్నలు, గత ఏడు రోజుల్లో మీకెలా ఉంది అని, ఒక్కోదానికి సున్నా నుంచి మూడు మార్కులు. మొదటి రెండూ గబగబా పెట్టేశాను. మూడో ప్రశ్న దగ్గర ఆగిపోయాను. ఏదన్నా తేడా జరిగినప్పుడు అనవసరంగా నన్ను నేను తప్పుపట్టుకున్నాను, అని దాని అర్థం. నాకు ఆ అనవసరంగా అనే మాట దగ్గర కోపమొచ్చింది. అనవసరంగా అని నాకెలా తెలుస్తుంది? నా తప్పు ఉంది కాబట్టే కదా నన్ను నేను అనుకుంటున్నాను? ఇదే డాక్టరమ్మని అడిగాను, కొంచెం గట్టిగానే, ప్రశ్నాపత్రంలో తప్పు పట్టుకున్న స్టూడెంట్ లాగా. ఆవిడ "సరే, అయితే ఆ మాట కొట్టేసి చదవండి" అంది. కొట్టేసి చదివాను. మూడు మార్కులు. మొత్తం 17 వచ్చింది 30కి. జీవితంలో మార్కులు ఎక్కువొచ్చినందుకు భయపడ్డది అదే మొదటిసారి.

ఆవిడ చెప్పింది ఇది. కాన్పైన మూడో నాలుగో రోజు నుంచి ఏడుపు రావడం చాలామందికి ఉంటుంది, రెండు వారాల్లో అదే పోతుంది. అది దాటి ఉంటే జబ్బు, జ్వరం లాంటిదే, చూపించుకోవాలి. ఈ కాగితంతో జబ్బు తేల్చలేం, చూపించుకోవాలా వద్దా అనేది మాత్రం తెలుస్తుంది. సైకియాట్రిస్ట్ పేరు రాసిచ్చింది, థైరాయిడ్, హిమోగ్లోబిన్ టెస్టులు రాసింది. ఇదే ఊళ్ళో నిమ్హాన్స్ అనే పెద్ద మానసిక ఆసుపత్రిలో తల్లీబిడ్డల్ని విడదీయకుండా కలిపే అడ్మిట్ చేసుకునే వార్డు 2009 నుంచి ఉందని కూడా చెప్పింది, నీకు అంత అవసరం లేదు కానీ అలాంటి వార్డు పెట్టారంటే ఇది ఎంతమందికి వచ్చేదో అర్థం చేసుకో అంది. ఈ ఊళ్ళో ఎనిమిదేళ్ళ నుంచి ఉంటున్నా, నిమ్హాన్స్ అంటే మేం ఫ్రెండ్స్‌ని ఆటపట్టించడానికి వాడే పేరు. సిగ్గేసింది.

అపాయింట్‌మెంట్ నాలుగు రోజుల తర్వాత దొరికింది. ఆ నాలుగు రోజుల్లో ఒక రాత్రి మరీ కష్టంగా ఉండి 14416కి చేశాను. టెలి మానస్ అది, మనసు బాగోలేనివాళ్ళ కోసం ప్రభుత్వం నడిపే హెల్ప్‌లైన్, 2022లో మొదలుపెట్టారు, డబ్బులేం కట్టక్కర్లా, తెలుగులో మాట్లాడొచ్చు. అవతల ఆవిడ సలహాలేం కుమ్మరించలేదు. నేను పావుగంట పంప్ గురించే చెప్పుకుంటూ పోతే మొత్తం విని "ఇప్పుడు బాబు ఎక్కడున్నాడమ్మా, మీ దగ్గర ఎవరున్నారు, వాళ్ళని లేపగలరా" అంది. లేపాను, అమ్మని. అమ్మ లేచి ఏమీ అడక్కుండా వాణ్ణి తీసుకుని హాల్లోకి వెళ్ళిపోయింది. నేను ఐదు గంటలు పడుకున్నాను. మందులూ మాటలూ అన్నీ తర్వాత, నాకు మొదట పనిచేసింది ఆ ఐదు గంటలే.

థైరాయిడ్ టెస్టులో టీఎస్‌హెచ్ ఎక్కువొచ్చింది, నీరసానికి అదీ ఒక కారణమే అన్నారు. సైకియాట్రిస్ట్ డిప్రెషన్‌కి వాడే సెర్ట్రలిన్ తక్కువ డోస్‌లో ఇచ్చారు, పాలిస్తూ వేసుకోవచ్చు, పాలల్లోకి వెళ్ళేది చాలా తక్కువ అన్నారు. రెండు మూడు వారాలు ఏం తేడా తెలీదు, తెలిశాక మీ అంతట మీరు మానెయ్యకండి అని కూడా చెప్పారు. ఇది నా చీటీ, మీ చీటీ మీ డాక్టర్ రాయాలి. అమ్మకి చెప్పడానికి రెండు రోజులు పట్టింది నాకు. "పిచ్చి మందులా" అంది మొదట. తర్వాత ఆవిడే రోజూ రాత్రి మాత్ర, నీళ్ళు తెచ్చి ఇచ్చేది. నీళ్ళ గ్లాసు నిండుగా ఉండేది, అది గమనించాను.

కౌన్సెలింగ్‌కి ఎనిమిదిసార్లు వెళ్ళాను. అక్కడ విన్నవాటిలో రెండు నాతో ఉండిపోయాయి. అప్పటికే నేను ఫోన్‌లో ఒక వీడియో చూసి చచ్చేంత భయపడి ఉన్నాను, ఎడ్వర్డ్ ట్రానిక్ అని అమెరికా ఆయన 1970ల్లో చేసిన ప్రయోగం. తల్లి పాపతో ఆడుకుంటూ ఆడుకుంటూ సడన్‌గా మొహం బండలా పెట్టేస్తుంది, పాప నవ్వుతుంది, వేలు చూపిస్తుంది, అరుస్తుంది, చివరికి ఏడ్చేస్తుంది. అది చూశాక జనవరంతా నేను పెట్టిన మొహం అదే కదా, వాడికి ఏదో అయిపోయి ఉంటుంది అని డిసైడ్ అయిపోయా. కౌన్సెలర్ అడిగింది, వీడియో చివరిదాకా చూశారా అని. చూడలేదు. చివర్లో తల్లి మళ్ళీ నవ్వుతుంది, పాప మళ్ళీ దగ్గరవుతుంది. అదే ఆయన తర్వాత చూసి చెప్పింది కూడా, మామూలు తల్లీబిడ్డలకి కూడా తాళం కలిసి ఉండేది సుమారు 30 శాతం టైమే, మిగతాదంతా తప్పడం, మళ్ళీ కలుపుకోవడం, ఆ కలుపుకోవడంలోనే బిడ్డ నేర్చుకునేది ఉంది అని. ముప్పై శాతం. మా ఆఫీసులో అయితే అంతే పాసైన సాఫ్ట్‌వేర్‌ని ముట్టుకోను కూడా.

రెండోది వినికాట్ అనే బ్రిటన్ పిల్లల డాక్టర్ మాట. 1953లోనే ఆయన 'గుడ్ ఎనఫ్ మదర్' అన్నాడంట. నాకు మొదట నచ్చలా, మా దగ్గర ఆ మాటకి అర్థం చాల్లే పంపించెయ్ అని. ఆయన అన్నది అది కాదంట. బిడ్డ బొత్తిగా పసిగుడ్డుగా ఉన్నప్పుడు తల్లి పూర్తిగా వాడికి తగ్గట్టు వంగి ఉంటుంది, వాడు తట్టుకోగలిగేకొద్దీ మెల్లమెల్లగా ఆ వంగడం తగ్గిస్తుంది, ఆ తగ్గడం లేకపోతే వాడికి బయట ఒక లోకం ఉందని ఎప్పటికీ తెలీదు. ఇంటికొచ్చి అమ్మకి చెప్పాను, అచ్చం ఇలాగే. అమ్మ మొత్తం విని "ఆయన కన్నాడా ఏంది" అంది.

డబ్బా సంగతి చెప్పాలి ఇప్పుడు. మార్చిలో బెంగళూరులో నీళ్ళ కరువు గుర్తుందా, 2024లో, బోర్లు ఎండిపోయి, తాగేనీళ్ళతో కార్లు కడిగితే 5,000 ఫైన్ అన్నారు. మా అపార్ట్‌మెంట్‌లో పొద్దున రెండు గంటలు, సాయంత్రం రెండు గంటలు, అదీ ట్యాంకర్ వస్తేనే. ఉగ్గుగిన్నె మరిగించాలి, పంప్ ముక్కలు మరిగించాలి, గుడ్డలు ఉతకాలి, అమ్మ బకెట్లు లెక్కపెట్టుకుంటూ ఇంట్లో మిలిటరీ రూల్ పెట్టింది. ఒకరోజు మా ఆయన ఖాళీ అయిన పాలడబ్బా చెత్తబుట్టలో వెయ్యబోతే అమ్మ గబగబా వచ్చి లాక్కుంది. "పారెయ్యాకు నాయనా, పప్పులు పోసుకోను ఎంత బాగుంటాయి, మదనపల్లెలో నా కూతురివే పదకొండు డబ్బాలు ఉండాయి."

నేను మంచం మీద ఉన్నాను. లేచి కూర్చున్నా.

మా ఇంట్లో వంటింటి అలమరలో పైవరసలో అమూల్ స్ప్రే డబ్బాలు ఉంటాయి. ఒకదాంట్లో పెసరపప్పు, ఒకదాంట్లో ధనియాలు, ఒకదాంట్లో చింతపండు, మూతలకి తుప్పు పట్టి ఒకటి రెండు సొట్టలు పడి. చిన్నప్పుడు ఉగాదికి అవన్నీ దించి తుడవడం నా డ్యూటీ. ముప్పై ఏళ్ళుగా చూస్తున్నా ఆ డబ్బాల్ని. అవి ఎక్కడినుంచి వచ్చాయి, వాటిల్లో పాలు ఎవరు తాగారు అని ఒక్కసారి కూడా నాకు ఆలోచన రాలేదు.

"నాకు డబ్బా పాలు పట్టావా" అన్నాను.

"పట్టకపోతే ఎట్ల, రెండో నెలకే నాకు పాలు ఎండిపోయినాయి కదా" అంది, డబ్బా కడుగుతూ, కరెంటు బిల్లు కట్టాను అన్నంత మామూలుగా.

"మరి నాకు ఇన్నాళ్ళు ఎందుకు చెప్పలా?"

"నువ్వు అడిగితివా?"

"మరి ఆ కాయం, ఆ మెంతులు, ఆ సొరపిట్టు, నీళ్ళు దాచిపెట్టడం?"

"అది వేరే. ప్రయత్నం చేస్తారు గదా ఎవురైనా. పడితే పడతాయి, లేకుంటే డబ్బా. దానికి నువ్వు ఇట్ల అయిపోతావని నాకేం తెలుసు."

నాకు కోపం, నవ్వు, రెండూ వచ్చాయి. రెండు నెలలు నేను ఆవిడ మొహంలో తీర్పు వెతుక్కున్నాను. ఆవిడ మనసులో అసలు కేసే లేదు.

మేలో ఆఫీసుకి వెళ్ళాను. 26 వారాలు జీతంతో లీవు, 2017లో 12 వారాల నుంచి పెంచారు కదా. 50 మంది, అంతకంటే ఎక్కువ ఉన్న ఆఫీసుకి పిల్లల్ని చూసుకునే చోటు ఉండాలని కూడా అప్పుడే చట్టంలో పెట్టారు. మా ఆఫీసుది మూడు కిలోమీటర్ల అవతల ఒక డేకేర్‌తో ఒప్పందం, అవుటర్ రింగ్ రోడ్డు మీద సాయంత్రం మూడు కిలోమీటర్లంటే ఎంతో బెంగళూరు వాళ్ళకి చెప్పక్కర్లేదు. బిడ్డకి 15 నెలలు వచ్చేదాకా రోజుకి రెండుసార్లు పాల బ్రేక్ ఇవ్వాలని 1961 నుంచీ చట్టంలో ఉంది, ఇది మా హెచ్ఆర్ అమ్మాయికి నేను చెప్పాల్సి వచ్చింది. పంప్ చేసుకునే గదికి పేరు వెల్‌నెస్ రూమ్, తాళం సెక్యూరిటీ దగ్గర, సగం సార్లు లోపల ఎవరో ఒకరు తలనొప్పని పడుకుని ఉండేవాళ్ళు. చెప్పుకోవాలంటే ఇది చాలా ఉంది కానీ వదిలేస్తున్నా. తొమ్మిదో నెలలో పంప్ ఆపేశాను. ఆపిన రోజు ఏమీ జరగలేదు. వాడు ఇడ్లీ పిసికి నెత్తికి రాసుకుంటున్నాడు ఆ టైమ్‌కి.

బోర్లా పడితే బొబ్బట్లు అంటారు కదా మనవాళ్ళు, అవి అమ్మ ఇక్కడ ఉండగానే చేసింది. అడుగులకు అరిసెలు మిగిలాయి. డిసెంబర్‌లో రోజూ డేకేర్ ఆయమ్మని అడిగేదాన్ని, నడిచాడా అని. ఆవిడది మండ్య, కన్నడ తప్ప రాదు, నాకు వచ్చిన కన్నడతో మేం లాగించేస్తాం. రోజూ "ఇన్నూ ఇల్లా మేడం" అనేది, ఇంకా లేదు అని. ఒక ఆదివారం మా హాల్లో సోఫా వదిలేసి నా వైపు నాలుగడుగులు వేశాడు, ఐదోది పడ్డాడు. నేను అరిచిన అరుపుకి వాడే భయపడ్డాడు. అమ్మకి వీడియో కాల్, అత్తమ్మకి వీడియో కాల్, అందరికీ చూపించాను, మొదటి అడుగులు మా ఇంట్లోనే, నా కళ్ళముందే అని.

తర్వాత వారం డేకేర్‌లో ఇంకో బాబు వాళ్ళమ్మ సెల్లార్‌లో కలిసి "మీవాడు పది రోజుల్నుంచి భలే పరిగెడుతున్నాడండీ, మావాడు వాణ్ణి చూసే లేస్తున్నాడు" అంది.

పది రోజులు. లెక్క వేసుకోవడానికి షీట్ అక్కర్లేదు.

కారులో కాసేపు కూర్చున్నాను, ఇంజన్ ఆన్ చెయ్యకుండా. పాత నేను అయితే ఆ రాత్రంతా ఆ పది రోజుల మీదే ఉండేదాన్ని. ఇప్పుడు కూడా గుండెల్లో ఏదో కలుక్కుమంది, లేదని ఎందుకు చెప్పాలి. కానీ ఆ ఆయమ్మ రోజూ సాయంత్రం నా మొహం చూసి, ఆలోచించి, ఇన్నూ ఇల్లా అని అబద్ధం చెప్పడం కళ్ళముందు కదిలింది.

సంక్రాంతికి అమ్మ మదనపల్లె నుంచి అరిసెలు పంపింది. పాలడబ్బాలో పోసి, మూత చుట్టూ టేపు వేసి. సగం తీసి ఇంకో బాక్స్‌లో పెట్టుకుని డేకేర్‌కి తీసుకెళ్ళాను. ఆయమ్మ వాడి బూట్లు తొడుగుతోంది. బాక్స్ మూత తీసి చూసి "ఇదేను మేడం, కజ్జాయా? హబ్బక్కా?" అంది, అరిసెలా, పండక్కా అని.

"హబ్బక్కల్ల" అన్నాను, పండక్కి కాదని. రెండు వేళ్ళతో నా అరచేతి మీద అడుగులు వేసి చూపించి, వాడి వైపు చూపించాను.

ఆవిడ చేతిలో బూటు అలాగే ఉండిపోయింది. నా వైపు చూసింది, నాకు తెలిసిపోయిందా లేదా అని. నేను ఒక అరిసె తీసి ఆవిడ నోటికి అందించాను.